గొంతు ఎవరి సొత్తు?

కుందేలుకూ బాతుకూ మాటలు చెప్పి బతికిన మనిషిని గురించి ఈ పత్రికలో వ్యాసమేమిటని కొందరు పాఠకులు అడగవచ్చు. నన్ను ఇప్పటికే ఒకరు అడిగారు. నాతోపాటు కాలేజీలో పాఠాలు చెప్పే మిత్రుడొకడు, "అమెరికా కార్టూను బొమ్మల మీద నీకింత మమకారం ఎప్పట్నుంచి?" అన్నాడు. ఆ ప్రశ్నలో వెటకారం వున్నా న్యాయం లేకపోలేదు. చాలాకాలం నా అభిప్రాయమూ అదే. పిల్లల బుర్రలు పాడుచేసే సరుకుగానే ఆ బొమ్మల్ని చూశాను. సామ్రాజ్యవాద సంస్కృతి అనే ఒక్క మాటతో వాటి పని అయిపోయిందనుకున్నాను. ఒక్క మాటతో పని తీర్చెయ్యటం విమర్శకుడికి సుఖంగా వుంటుంది, కాని దాన్ని విమర్శ అనటానికి వీల్లేదు.

మెల్ బ్లాంక్ చనిపోవటానికి ఏడాది ముందు, 1988లో, మరొకరి సాయంతో తన ఆత్మకథ ప్రచురించాడు. హాస్యగాడి ఆత్మకథ ఎలా వుంటుందో అలాగే వుంటుంది. ఉదంతం మీద ఉదంతం, ప్రతి ఉదంతం చివరా ఒక నవ్వు. నేను నవ్వుకోవటానికే తెరిచాను. మూసేసరికి నాకు మిగిలింది మట్టుకు నవ్వు కాదు, ఒక ప్రశ్న. మనిషి గొంతు ఎవరి సొత్తు? మాట్లాడిన వాడిదా, మాట్లాడించిన వాడిదా, లేక ఆ మాటను యంత్రంలో పట్టి వుంచిన వాడిదా?

ఈ ప్రశ్న మనకు బొత్తిగా కొత్తది కాదు. మన తోలుబొమ్మలాటలో తెల్లవార్లూ బంగారక్కకూ కేతిగాడికీ మాటలు చెప్పేవాడు తెర వెనకే వుంటాడు. మర్నాడు వూళ్లో జనం తలుచుకునేది కేతిగాణ్ణి గాని వాణ్ణి కాదు. అయితే ఒక తేడా వుంది. అక్కడ బొమ్మా ఆటగాడిదే, తెరా ఆటగాడిదే, రాగమూ ఆటగాడిదే. పేదవాడే కావచ్చు, కాని తన గొంతుకూ తన బొమ్మకూ మధ్య మూడో మనిషి లేడు. ఆధునిక పరిశ్రమ వచ్చాక బొమ్మ ఒకరిది, తెర మరొకరిది, గొంతు ఇంకొకరిది అయింది. మెల్ బ్లాంక్ జీవితమంతా ఈ విడిపోవటంలో నడిచింది.

ఆయన 1908 మే 30న శాన్ ఫ్రాన్సిస్కోలో ఒక యూదు కుటుంబంలో పుట్టి, ఆరెగాన్ రాష్ట్రంలోని పోర్ట్‌లాండ్ నగరంలో పెరిగాడు. వలసవచ్చిన జనం కిక్కిరిసి బతికే పేటలు అవి. వీధికొక యాస. చదువుకన్న ఆ యాసలు వినటం మీదే ఆ కుర్రవాడికి ధ్యాస. ఇంటిపేరు పలుకుబడిలో 'ఖాళీ' అనే అర్థం వచ్చేది. నీ పేరులాగే నువ్వూ ఎందుకూ కొరగాకుండా పోతావని ఒక ఉపాధ్యాయురాలు తిట్టిందనీ, ఆ రోషంతో పేరు చివరి అక్షరం మార్చుకున్నాననీ రాసుకున్నాడు. ఉపాధ్యాయులమైన మనం ఈ ఉదంతాన్ని నవ్వి వదిలెయ్యటానికి వీల్లేదు. పేరు అనే వస్తువుకు ఆయన జీవితాంతం ఇచ్చిన విలువకు మూలం ఇక్కడే వుందని నాకు తోస్తుంది.

1927లో రేడియోలో ప్రవేశించాడు. 1933లో పోర్ట్‌లాండ్ కె.ఇ.ఎక్స్. కేంద్రం నుంచి, భార్య ఎస్టెల్ తోడుగా, 'కాబ్‌వెబ్ అండ్ నట్స్' అనే కార్యక్రమం నడిపాడు. ఇక్కడొక సంగతి గమనించాలి. కార్యక్రమంలో పాత్రలు చాలా వున్నాయి. వేరే నటుల్ని పెట్టుకోవటానికి మట్టుకు యాజమాన్యం డబ్బివ్వలేదు. అంచేత అన్ని పాత్రలకూ ఆయనే గొంతు మార్చి మాట్లాడవలసివచ్చింది. అమెరికా అప్పుడు మహామాంద్యంలో వుంది. వచ్చిన పని వదులుకునే స్తోమత ఎవరికీ లేదు.

తర్వాత కాలంలో మెల్ బ్లాంక్‌ను వెయ్యి గొంతుల మనిషి అన్నారు. దైవదత్తమైన ప్రతిభ అన్నారు. ప్రతిభ లేదని నేననను. కాని ఆ వెయ్యి గొంతుల్లో మొదటి పదీ ఎక్కడ పుట్టాయి? పదిమంది నటులకు ఇవ్వవలసిన జీతం మిగుల్చుకోవాలన్న ఒక కంపెనీ లెక్కలో పుట్టాయి. రేడియో కళాకారుల జాతీయ సంఘం ఏర్పడింది 1937లో. అది నాలుగేళ్లు ముందే ఏర్పడి వుంటే ఆ కేంద్రంలో మరి కొందరికి పని దొరికేది. మెల్ బ్లాంక్ బహుశా ఇంత బహురూపి అయ్యేవాడు కాడు. ఇది చేదు నిజం. దోపిడీ ఒక్కొక్కప్పుడు కళను పదునుపెడుతుంది. అంతమాత్రాన దోపిడీని మెచ్చుకోనక్కర్లేదు. కళ గొప్పదైంది గనక దాన్ని పుట్టించిన షరతులు మంచివనే వాదం మన సాహిత్యంలోనూ వినిపిస్తూనే వుంటుంది. పేదరికం కవిని చేస్తుందని చెప్పే పెద్దమనుషులు ఆ పేదరికాన్ని తమ పిల్లలకు కోరుకోరు.

1930ల నడుమ ఆయన లాస్ ఏంజెలెస్ చేరాడు. వార్నర్ బ్రదర్స్‌కు కార్టూన్లు తీసి ఇచ్చే లియాన్ ష్లెసింజర్ స్టూడియో తలుపు చాలాకాలం తట్టిన తర్వాత గాని లోపలికి రానివ్వలేదు. అక్కడ పోర్కీ అనే పందిపిల్ల పాత్ర వుంది. దానికి నత్తి. 1935 నుంచీ దానికి గొంతిస్తూ వచ్చిన జో డోహర్టీకి నిజంగానే నత్తి వుంది. నత్తి తన చేతిలో లేదు గనక ఒక్కొక్క మాటకు ఎన్నోసార్లు రికార్డు చెయ్యవలసివచ్చేది, ఫిల్ము ఖర్చయ్యేది. 1937లో ఆయన్ని తీసేసి మెల్ బ్లాంక్‌ను పెట్టారు. ఆ ఏడాది ఏప్రిల్‌లో వచ్చిన 'పోర్కీస్ డక్ హంట్'తో కొత్త గొంతు మొదలయింది. డాఫీ అనే బాతు కూడా అందులోనే పుట్టింది.

దీన్ని గురించి ఒక విమర్శకుడు ఏమనాలి? కళాశాస్త్రం ప్రకారం జవాబు తేలిక. నిజమైన నత్తి లోకంలోది, అభినయించిన నత్తి కళ. బ్లాంక్ నత్తిలో లయ వుంది. ఒక మాట దగ్గర ఇరుక్కుని, ఇరుక్కుని, చివరికి ఆ మాట వదిలేసి పక్క మాటతో బయటపడటం వుంది. అది పాత్ర స్వభావాన్ని చెబుతుంది. పోర్కీ పిరికివాడు కాడు, మర్యాదస్తుడు. ఎవరినీ నొప్పించకుండా మాట్లాడాలని తంటాలుపడే మధ్యతరగతి జీవి. ఇదంతా ఆ గొంతులోనే వుంది. డోహర్టీ గొంతులో లేదు.

కాని కళాశాస్త్రం ఇక్కడ ఆగితే, మనం ఆగటానికి వీల్లేదు. లోపం గలవాడు ఆ లోపం కారణంగానే పని పోగొట్టుకున్నాడు. ఆ లోపాన్ని అనుకరించగలిగినవాడు అదే పనిలో స్థిరపడ్డాడు. ఈ రెండో విషయం చెప్పి మొదటిదాన్ని కొట్టిపారెయ్యటం నా ఉద్దేశం కాదు. రెండూ నిజమే. రెంటినీ ఒకే చూపులో పట్టుకోలేని విమర్శ అయితే వట్టి శిల్పచర్చ అవుతుంది, లేకపోతే వట్టి నిరసన అవుతుంది.

బ్లాంక్ కళలో అసలు బలమేమిటో ఒక ఉదాహరణతో చెబుతాను. డాఫీ బాతుకూ సిల్వెస్టర్ పిల్లికీ మాట తీరు దాదాపు ఒకటే. ఇద్దరికీ నాలుక పళ్ల మధ్య చిక్కుకుంటుంది, ఇద్దరూ తుంపర్లు చిందిస్తారు. డాఫీ గొంతును రికార్డింగులో కొంచెం వేగం పెంచి వాడేవారు, సిల్వెస్టర్‌ను వున్నదున్నట్టు వుంచేవారు. అయినా వినేవాడు ఒకరిని మరొకరుగా పొరబడడు. ఎందుకు? డాఫీ మాటలో ఆశ ముందు పరుగెడుతుంది. తనకు రావలసింది ఎవరో తన్నుకుపోతున్నారనే భయం ప్రతి వాక్యంలోనూ వుంటుంది. సిల్వెస్టర్ మాటలో ఓటమి ముందే కూర్చుని వుంటుంది. వాడు ప్రయత్నం మొదలుపెట్టేటప్పుడే అలిసిపోయివుంటాడు. గొంతు మార్చటం మిమిక్రీ. మనసు మార్చటం నటన. బ్లాంక్ చేసింది రెండోది.

ఇంకొక మాట కూడా ఇక్కడే చెప్పాలి. ఆ వేగం పెంచినవాడు బ్లాంక్ కాడు. శబ్దం కూర్చిన ట్రెగ్ బ్రౌన్, సంగీతం కట్టిన కార్ల్ స్టాలింగ్, దర్శకులు టెక్స్ ఏవరీ, బాబ్ క్లాంపెట్, చక్ జోన్స్, ఫ్రిజ్ ఫ్రెలెంగ్, కథలు అల్లిన మైకేల్ మాల్టీజ్, పేరు తెలియని బొమ్మలవాళ్లు ఎందరో, అందరూ కలిసి ఆ బాతును బతికించారు. ఆత్మకథలో ఈ సంగతి వుంది గాని ఆ గుంపు నీడలాగా వెనక నిలబడుతుంది. వెలుగంతా ఒక్క గొంతు మీద పడుతుంది. బగ్స్ బనీని పుట్టించింది మేమంటే మేమని ఆ దర్శకుల్లో కొందరు జీవితాంతం తగవులాడుకున్నారు. సమష్టిగా చేసిన పనికి ఒక్క తండ్రిని వెతికే దురలవాటు ఆ వ్యవస్థలో అందరికీ వున్నదే.

బగ్స్ బనీ కుందేలు స్థిరమైన రూపంలో 1940 జులైలో 'ఎ వైల్డ్ హేర్' అనే కార్టూనులో తెరకెక్కింది. తుపాకీ పట్టుకున్న వేటగాడు కలుగు ముందు నిలబడివుంటాడు. కుందేలు బయటికి వచ్చి, కారట్ నములుతూ, ఏమిటి సంగతులని తాపీగా పలకరిస్తుంది. ఆ తాపీతనం గొంతులోది. బ్లాంక్ దానికి న్యూయార్కులోని బ్రూక్లిన్, బ్రాంక్స్ పేటల యాస తీసుకున్నాడు. అది కాయకష్టం చేసుకునేవాళ్ల యాస, వీధి అరుగుల మీద మాట కరుకైనవాళ్ల యాస.

దీని విలువ తెలుగువాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు. మన సినిమాల్లో ఎన్నో ఏళ్లపాటు నాయకుడు ఒక ప్రాంతపు చదువుకున్నవాళ్ల భాష మాట్లాడాడు. తెలంగాణ యాస, రాయలసీమ యాస, శ్రీకాకుళం యాస నౌకర్లకూ విదూషకులకూ రౌడీలకూ దక్కాయి. అక్కడ ఆ కార్టూనులో మట్టుకు వీధి యాస నాయకుడికి దక్కింది. తుపాకీ గలవాడు తెల్లబోతాడు, తుపాకీ లేనివాడు మాటతో గెలుస్తాడు. ఇది విప్లవమని నేననను. కాని బలహీనుడు బలవంతుణ్ణి మాటతో బోల్తాకొట్టించే కథ ప్రతి జాతి జానపదంలోనూ వుంది. మన కుందేలు సింహాన్ని బావి దగ్గరికి తీసుకుపోయింది. సినిమాహాలు చీకట్లో కూర్చున్న శ్రామికజనం ఆ కుందేలుని ప్రేమించటానికి కారణం వుంది.

అదే కుందేలు, అదే గొంతు, 1944లో జపాను ప్రజల్ని పురుగుల్లా చూపించిన యుద్ధకాలపు కార్టూనులోనూ నటించింది. ఆ కార్టూను పేరే ఒక జాతిని తిట్టే మాట. ఆ రోజుల్లోనే నల్లజాతివారిని వెకిలిగా చూపించిన బొమ్మలు ఆ స్టూడియో నుంచి ఎన్నో వచ్చాయి. అలాంటి 11 కార్టూన్లను 1968లో పంపిణీదారులే ప్రసారం నుంచి తప్పించవలసివచ్చింది. రేడియోలో జాక్ బెన్నీ కార్యక్రమంలో బ్లాంక్ వేసిన మెక్సికన్ పాత్ర రెండుమూడు పొడిమాటలు తప్ప మాట్లాడదు. జనం దానికే పగలబడి నవ్వేవారు. పోర్ట్‌లాండ్ పేటల్లో ప్రేమగా విన్న యాసల్నే ఆయన తర్వాత వెకిలి సరుకుగా అమ్మాడని కొందరంటారు. ఆ ఆరోపణలో నిజం వుంది. యాసను ఎవరి నోట పెట్టారు, దానితో ఎవరు గెలుస్తారు అన్నదే తేడా. కుందేలు విషయంలో యాస మనిషిని నిలబెట్టింది, మెక్సికన్ పాత్రలో మనిషిని మింగేసింది. నటుడు ఒకడే. స్క్రిప్టు ఎవరి చేతిలో వుంది అన్న ప్రశ్నను నటుడి ప్రతిభ రద్దు చెయ్యలేదు. ఇచ్చిన స్క్రిప్టు చదివినందుకు నటుడి బాధ్యతా రద్దు కాదు.

ఇప్పుడు కూలి సంగతికి వస్తాను.

1941 మేలో ష్లెసింజర్ తన స్టూడియోలో బొమ్మలు గీసే కార్మికుల్ని బయట పెట్టి తాళం వేశాడు. వాళ్లు సంఘం పెట్టుకున్నారు. ఆరు రోజులు గట్టిగా నిలబడ్డారు. యజమాని సంఘాన్ని గుర్తించి ఒప్పందం చేసుకోవలసివచ్చింది. ఆ నెలాఖరుకే డిస్నీ స్టూడియోలో ప్రసిద్ధమైన సమ్మె మొదలయింది. అంటే అక్కడ గీతగాళ్లకు ఒక దారి కనిపించింది.

మెల్ బ్లాంక్ మరో దారిన వెళ్లాడు. జీతం పెంచమని ఒంటరిగా యజమాని గదిలోకి వెళ్లి అడిగాడు. యజమాని కుదరదన్నాడు. అయితే తెరమీద నా పేరు వెయ్యమన్నాడు. యజమాని వెంటనే ఒప్పుకున్నాడు. 1940ల నడుమ నుంచి ఆ కార్టూన్ల మీద, పాత్రల గొంతులు మెల్ బ్లాంక్‌వని అచ్చుపడటం మొదలయింది. ఈ ఉదంతాన్ని ఆయన విజయగాథగానే చెప్పుకున్నాడు. ఒక విధంగా విజయమే. అంతకుముందు కార్టూనులో గొంతు ఎవరిదో లోకానికి తెలియదు. స్నో వైట్‌కు గొంతిచ్చిన ఏడ్రియానా కాసెలోటీ పేరు 1937లో ఆ సినిమా మీద లేదు. బ్లాంక్ పేరు చూసి రేడియోవాళ్లు పిలిచారు. 1946లో ఆయన పేరుతోనే సొంత కార్యక్రమం వచ్చింది. గొంతు కూడా కళేనని మొదటిసారి కోట్లమందికి తెలిసింది.

కాని యజమాని అంత తేలిగ్గా ఎందుకు ఒప్పుకున్నాడో ఆలోచించాలి. పేరు వెయ్యటానికి అతనికి దమ్మిడీ ఖర్చు లేదు. జీతం పెంచితే ఖర్చు. కూలి అడిగినవాడికి కీర్తి ఇచ్చి పంపించటం పాత పద్ధతే. మన జమీందార్లు కవులకు బిరుదులిచ్చిన పద్ధతీ ఇదే. కవి బిరుదు మోసుకుంటూ ఇంటికి వెళ్లేవాడు, పొయ్యిలో పిల్లి లేచేది కాదు.

ఇంకొక దెబ్బ కూడా వుంది. తెర మీద ఒక్క పేరే పడింది. వేటగాడు ఎల్మర్ ఫడ్ గొంతు ఆర్థర్ బ్రయన్‌ది. ముసలమ్మ పాత్ర గొంతు మొదట బీ బెనడెరెట్‌ది, 1955 నుంచి జూన్ ఫోరేది. ఏళ్ల తరబడి వీళ్లెవరి పేరూ లేదు. చూసే జనం సహజంగానే అన్ని గొంతులూ మెల్ బ్లాంక్‌వే అనుకున్నారు. బ్రయన్ 1959లో చనిపోయాడు. ఆ గొంతు ఆయనదని తెలిసిన ప్రేక్షకులు బహు తక్కువ. ఒకడికి దక్కిన పేరు మిగిలినవాళ్ల పేరులేమిని మరింత గాఢం చేసింది. ఇందుకు బ్లాంక్‌ను నిందించి లాభం లేదు. ఒంటరిగా అడిగినవాడికి ఒంటరి ఫలితమే దక్కుతుంది. గీతగాళ్లు కలిసి అడిగారు, కూలి తెచ్చుకున్నారు. గొంతుగాడు ఒక్కడే అడిగాడు, పేరు తెచ్చుకున్నాడు. నాకు ఆ పుస్తకం మొత్తంలో అన్నిటికన్న పెద్ద పాఠం ఇదే.

పేరు తెచ్చుకున్నవాడి గొంతయినా అతనికి మిగిలిందా? దానికి జవాబు 1949లో వచ్చింది.

1940లో వాల్టర్ లాంట్జ్ స్టూడియో కోసం బ్లాంక్ ఒక వడ్రంగిపిట్టకు గొంతిచ్చాడు. దాని పేరు వుడీ. ఆ పిట్ట నవ్వు ప్రపంచమంతా తెలుసు. ఆ నవ్వు పోర్ట్‌లాండ్‌లో తను చదివిన బడి వరండాలో, ప్రతిధ్వని వినటం కోసం నవ్విన నవ్వేనని ఆయన రాశాడు. 1941లో వార్నర్ కార్టూన్లకే కట్టుబడి వుండేలా ఒప్పందం కుదరగానే పిట్టను వదిలేశాడు. కాని నవ్వు రికార్డయి వుంది. లాంట్జ్ దాన్ని వాడుకుంటూనే పోయాడు. మనిషి ఒకచోట కట్టుబడి వున్నాడు, అతని నవ్వు మరోచోట జీతం లేని ఉద్యోగం చేస్తోంది. 1948లో ఆ నవ్వును అనుకరిస్తూ వచ్చిన పాట దేశమంతా మోగింది. బ్లాంక్ దావా వేశాడు. కాలిఫోర్నియా న్యాయస్థానం లాంట్జ్ పక్షాన తీర్పు చెప్పింది. నవ్వు మీద బ్లాంక్ కాపీరైటు నిలుపుకోలేదు గనక అది ఆయనది కాదని తేలింది. తర్వాత కోర్టు బయట రాజీపడ్డారు. కాని తీర్పు తీర్పే.

ఈ తీర్పును చట్టం తెలిసినవాళ్లు ఎలాగైనా సమర్థించవచ్చు. నాకు మట్టుకు ఇందులో ఒక విషయం స్పష్టంగా కనిపిస్తుంది. యంత్రంలో గడ్డకట్టిన గతశ్రమ, దాన్ని చేసిన సజీవుడికే పోటీగా నిలబడటం మార్క్స్ ఇనపయంత్రాల విషయంలో వివరించాడు. ఇక్కడ యంత్రం పొట్టలో వున్నది బడి పిల్లవాడి నవ్వు.

టెలివిజన్ వచ్చాక ఇదే కథ పెద్ద ఎత్తున నడిచింది. 1956లో వార్నర్ తన పాత కార్టూన్లను టెలివిజన్ పంపిణీకి అమ్మేసింది. ఒక్కసారి కూలి పుచ్చుకున్న గొంతులు రోజూ ఇంటింటా మోగాయి. 1960 మార్చి 7న అమెరికా తెరనటుల సంఘం సమ్మెకు దిగి ఏప్రిల్ 18 దాకా నిలబడింది. అప్పటి సంఘాధ్యక్షుడు రోనాల్డ్ రీగన్. దేశాధ్యక్షుడయ్యాక 1981లో విమాన నియంత్రకుల సమ్మెను అణిచినవాడూ ఆయనే. వ్యక్తి మారవచ్చు గాని సమ్మె సాధించింది మిగిలింది. 1960 నుంచి తీసిన సినిమాలు టెలివిజన్లో వస్తే నటులకు వాటా వస్తుంది. అంతకు ముందరి కొన్నేళ్లకు బదులుగా పింఛను, వైద్య నిధులు వచ్చాయి. 1948కి ముందరి చిత్రాలకు ఏమీ రాలేదు. బగ్స్ బనీకి పేరు తెచ్చిన తొలి కార్టూన్లన్నీ ఆ గీతకు అవతలే వుండిపోయాయి.

మెల్ బ్లాంక్‌ను గురించి అందరూ చెప్పే కథ ఒకటి వుంది. 1961 జనవరి 24న లాస్ ఏంజెలెస్‌లోని సన్‌సెట్ బులెవార్డ్ మీద ఘోరమైన కారు ప్రమాదం జరిగింది. రోజుల తరబడి ఆయనకు స్పృహ లేదు. పేరు పెట్టి పిలిస్తే పలకలేదు. చివరికి ఒక డాక్టరు, బగ్స్ బనీ, ఎలా వున్నావని అడిగాడు. ఆ కుందేలు గొంతుతోనే జవాబు వచ్చింది. కార్టూన్ల అభిమానులు దీన్ని అద్భుతంగా చెప్పుకుంటారు. నాకు అద్భుతం కన్న విషాదం ఎక్కువ కనిపించింది. పేరు కోసం అంత తపించిన మనిషి ఆ పేరుకే పలకలేకపోయాడు. మరొకరి ఆస్తి అయిన పాత్రకు పలికాడు.

కాని ఆ కథలో జనం వదిలేసే భాగం నాకు ఇష్టం. అప్పుడాయన 'ఫ్లింట్‌స్టోన్స్' అనే టెలివిజన్ కార్టూనులో బార్నీ పాత్రకు గొంతిస్తున్నాడు. ఆయన లేవలేని రోజుల్లో తోటి కళాకారుడు డాస్ బట్లర్ కొన్ని భాగాల్లో ఆ పాత్ర మాట్లాడి పెట్టాడు. తర్వాత పరికరాలన్నీ బ్లాంక్ మంచం దగ్గరికే తెచ్చారు. ఒళ్లంతా పిండికట్టుతో, వెల్లకిలా పడుకుని, తోటివాళ్ల మధ్య ఆయన రికార్డు చేశాడు. ఆయన్ని లేపింది కుందేలు కావచ్చు, నిలబెట్టింది తోటి శ్రామికులు.

ఇది మన కాలపు సమస్య కూడా గనకనే ఈ వ్యాసం రాశాను. ఇప్పుడు యంత్రానికి మన నవ్వు రికార్డు ఒక్కటే అక్కర్లేదు. కాసేపు మాటలు వినిపిస్తే చాలు, మనం ఎన్నడూ అనని మాటలు మన గొంతుతో అంటుంది. 2023లో అమెరికా నటుల సంఘం 118 రోజులు సమ్మె చేసింది. ముఖ్యమైన కారణాల్లో ఇదొకటి. వీడియో ఆటలకు గొంతిచ్చే కళాకారులు 2024 జులైలో మళ్లీ సమ్మెకట్టి 2025లో ఒప్పందం సాధించారు.

మనకూ ఇది దూరపు సంగతి కాదు. ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం గాయకుడు మాత్రమే కాడు, కమల్ హాసన్ తెలుగు అనువాద చిత్రాలకూ, 'అన్నమయ్య' (1997)లో సుమన్‌కూ గొంతిచ్చిన నటుడు. 2020లో ఆయన చనిపోయాడు. 2023లో వచ్చిన 'కీడా కోలా'లో ఆయన గొంతును యంత్రంతో పుట్టించి వాడారని ఆయన కుమారుడు లీగల్ నోటీసు ఇచ్చినట్టు 2024లో పత్రికలు రాశాయి. అదే ఏడాది బొంబాయి హైకోర్టు గాయకుడు అర్జిత్ సింగ్ గొంతును యంత్రాలతో అనుకరించి వాడుకోకుండా మధ్యంతర ఉత్తర్వు ఇచ్చింది.

అయితే గొంతును వ్యక్తిగత ఆస్తిగా ప్రకటిస్తే సరిపోదా? చాలామంది మంచివాళ్లు ఇదే పరిష్కారమంటున్నారు. నాకు సందేహాలున్నాయి. 1988లో అమెరికాలో గాయని బెట్ మిడ్లర్ తన గొంతును అనుకరించి ప్రకటనలో వాడుకున్న కార్ల కంపెనీ మీద అప్పీలు కోర్టులో నెగ్గింది. లోకానికి తెలిసిన గొంతు గనక రక్షణ దొరికింది. జో డోహర్టీ గొంతుకు ఎవరు రక్షణ ఇస్తారు? మన సినిమాల్లో పరభాషా నాయికలకు ఏళ్ల తరబడి మాటలు చెప్పిన, పేరు తెలియని ఆడవాళ్ల గొంతుకు? పైగా ఆస్తి అనేది అమ్ముడుపోతుంది. అద్దె కట్టవలసిన రోజున ఒక్క సంతకంతో గొంతును శాశ్వతంగా రాసివ్వమని అడిగితే రాసివ్వనివాళ్లు ఎందరుంటారు?

ఇంకొక చిక్కు వుంది. అనుకరణే నేరమయితే కళే లేదు. బ్లాంక్ పోర్ట్‌లాండ్ పేటల యాసలు అనుకరించాడు. మన వరంగల్ నేరెళ్ళ వేణుమాధవ్ దేశంలోని పెద్దల గొంతులన్నీ పలికి 2018లో వెళ్లిపోయాడు. ఆయన పలికినందువల్ల ఎవరి ఉపాధీ పోలేదు, ఎవరి నోటా అనని మాట వాళ్లదిగా చెలామణి కాలేదు. మనిషి మనిషిని అనుకరించటం వినటంలోంచి, అంటే ఒకవిధమైన గౌరవంలోంచి పుడుతుంది. కంపెనీ మనిషిని అనుకరించటం అతన్ని పనిలోంచి తీసెయ్యటానికి. అంచేత గీత గియ్యవలసింది అనుకరణ దగ్గర కాదు, పని దగ్గర. ఏ గొంతు ఎంతకాలం, ఎక్కడ, ఎంత కూలికి వాడుకోవచ్చునో కలిసి బేరమాడే హక్కు పేరున్నవాడికీ పేరు లేనివాడికీ సమానంగా పనికొస్తుంది. చట్టం అక్కర్లేదని కాదు. సంఘం లేని చోట చట్టం ప్రసిద్ధుల గొడుగు అవుతుంది.

మెల్ బ్లాంక్ 1989 జులై 10న చనిపోయాడు. కార్టూను చివర పోర్కీ చెప్పే వీడ్కోలు మాటనే ఆయన సమాధిరాయి మీద చెక్కారు. మరొకరు తొలగింపబడిన చోట ఆయన మొదటిసారి పలికిన పాత్ర అది. ఆయన గొప్ప కళాకారుడు. తన కాలపు పక్షపాతాల్ని మోసినవాడు. తన గొంతుకు పేరు సంపాదించి, ఆ గొంతునే కోర్టులో పోగొట్టుకున్నవాడు. ఈ మూడింటిలో దేన్నీ దాచనక్కర్లేదు.

ఆ వెటకారపు ప్రశ్న వేసిన మిత్రుడికి ఇదంతా చెప్పాను. కాసేపు ఊరుకుని, "మొన్న చూసిన సినిమాలో ఆ అమ్మాయికి గొంతిచ్చింది ఎవరు?" అన్నాడు. నాకు తెలియలేదు. అతనికీ తెలియలేదు. మన విద్యార్థులు అక్కడి నుంచి మొదలుపెడితే బాగుంటుంది. తెర మీద పేర్లు పడేటప్పుడు లేచిపోకుండా గొంతులు ఎవరివో చూడండి. అక్కడ పేరు లేకపోతే ఎందుకు లేదని అడగండి. వుంటే మట్టుకు అంతటితో తృప్తిపడవద్దు. కూలి ఎంతిచ్చారో కూడా అడగండి.